వీర్యం ఎంత, శుక్రకణాలు ఎన్ని?

సందేహం: "సార్, నేను దేవరకొండ దిక్కు ఒక పల్లె దవాఖానల ఏఎన్‌ఎంగా పనిచేస్త. పిల్లలు కాని జంటలు టెస్టు రిపోర్టులు తెచ్చి నాతోని చదివించుకుంటరు. మొన్న ఒకాయనకు 'వీర్యకణాలు కనిపించలేదు' అని తెలుగుల రాసిచ్చిండ్రు. ఇంట్లోళ్ళు దాన్ని 'వీర్యమే లేదు' అని అర్థం చేసుకొని ఆయన్ని మగోడే కాదన్నట్టు చూస్తున్నరు. మా బాబు పదో తరగతి పుస్తకంల శుక్రకణం అని ఉంది, పేపర్లల్ల వీర్యకణం అంటరు, ఇంకోదగ్గర శుక్రాణువు, బీజకణం అని కూడా చూసిన, ఊర్లె ముసలోళ్ళు ధాతు అంటరు. ఇవన్నీ ఒకటేనా, ఏది రాస్తే సరైంది? ఇంకోటి, శుక్రకణానికి శుక్రవారానికి ఏమన్న సంబంధం ఉందా అని మా బాబు అడుగుతుండు."

సమాధానం: అమ్మా, మీరు అడిగిన దాంట్లె ఒక మనిషి ఇజ్జత్ ముడిపడి ఉంది కాబట్టి ముందు అదే చెప్త. ఆ రిపోర్టుల రాసింది తప్పు కాదు, చదివినోళ్ళు చదివిందే తప్పు. వీర్యం వేరు, వీర్యకణం వేరు. వీర్యం అంటే బయటికొచ్చే ద్రవం. ఆ ద్రవంల ఈదే, కంటికి కనపడని కణాలు శుక్రకణాలు, వాటినే వీర్యకణాలని కూడా అంటున్నరు. చెరువుల నీళ్ళు వేరు, నీళ్ళల్ల చాపలు వేరు, నీళ్ళు నిండుగ ఉండి చాపలు ఒక్కటి కూడా లేకుండ ఉండొచ్చు గదా, ఆయన రిపోర్టు చెప్పేది అంతే.

ఈ తేడా పట్టుకోవడానికి మన తెలుగులనే ఒక పరీక్ష ఉంది, వ్యాకరణం చదువుకోనోళ్ళు కూడా వాడుకోవచ్చు. వీర్యం గురించి అడిగేటప్పుడు "ఎంత" అంటం, శుక్రకణాల గురించి అడిగేటప్పుడు "ఎన్ని" అంటం. వీర్యం కొలిచేది, మిల్లీలీటర్లల్ల. శుక్రకణాలు లెక్కబెట్టేవి, కోట్లల్ల. "వీర్యాలు" అని బహువచనం ఎవ్వరి నోట్ల రాదు చూడండి, నూనెను నెయ్యిని ఎంత అని అడిగినట్టే దీన్ని కూడా ఎంత అనే అడగాలె. అందుకే పేపర్లల్ల "వీర్యం సంఖ్య తగ్గుతోంది" అని హెడ్డింగు పెడితే నాకు బాధైతది, ఎందుకంటే సంఖ్య తగ్గేది కణాలది, వీర్యానికి ఉండేది పరిమాణం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021ల ఇచ్చిన లెక్కల కూడా ఈ రెండు వేర్వేరుగనే ఉంటయి: ద్రవం కనీసం 1.4 మిల్లీలీటర్లు, ఒక మిల్లీలీటర్ల కణాలు కనీసం కోటీ 60 లక్షలు. ఇగ ఈ "కనీసం" అన్నది కూడా గీత గీసినట్టు ఉండేది కాదు, దానికంటే తక్కువున్నోళ్ళకు కూడా పిల్లలైతరు, కాబట్టి రిపోర్టు చదివి చెప్పేటప్పుడు "తక్కువ ఉన్నయి" అనే మాటకు "లేవు" అనే మాటకు మధ్య చాలా దూరం ఉందని యాదికుంచుకోండి.

వీర్యంల శుక్రకణాల వాటా ఎంతో తెలుస్తే ఆ ఇంట్లోళ్ళకు అర్థమైతది. నూటికి ఐదు వంతులు కూడా ఉండదు. మిగిలింది దాదాపు అంతా శుక్రాశయాలు, పౌరుష గ్రంథి (ప్రోస్టేట్) అనే గ్రంథుల నుంచి ఊరే ద్రవమే, దాంట్లె ఎక్కువ భాగం శుక్రాశయాలదే. కణాలేమో వృషణాలల్ల తయారైతయి, పాఠ్యపుస్తకాలల్ల వీటినే ముష్కాలు అని రాసిండ్రు. ఒక్కొక్క కణం పూర్తిగ తయారు కావడానికి రెండున్నర నెలల దాకా పడతది. అంటే తయారయ్యే చోటే వేరు. కణాలు వచ్చే తొవ్వ ఎక్కడన్న మూసుకపోతే ద్రవం మామూలుగనే వస్తది, చూపుకు తేడా కూడా తెల్వదు, కానీ మైక్రోస్కోపు కింద కణాలు కనపడవు. అట్లాంటి వాళ్ళల్ల కొంతమందికి వృషణాల నుంచి నేరుగ సూదితోని కణాలు తీసి, ఒక్క కణాన్ని ఒక్క అండంలకు ఎక్కించే ఇక్సీ పద్ధతి 1992 నుంచి ఉంది. గమనించండి, ఇక్కడ "ఒక్క శుక్రకణం" అని ఏకవచనంల చెప్పాల్సి వస్తది, "ఒక్క వీర్యం" అంటే ఆ మాటే పొసగదు.

ఇప్పుడు మాటల పుట్టుకకొస్త. శుక్ర అనే సంస్కృత మాటకు అసలు అర్థం మెరిసేది, తేటగ తెల్లగ ఉండేది అని. ఆకాశంల తెల్లగ మెరిసే చుక్క శుక్రుడు, ఆయన పేరు మీద వారం శుక్రవారం, తెల్లటి రంగును బట్టి ద్రవానికి శుక్రం అని పేరు. అంటే మీ బాబు అడిగింది మంచి ప్రశ్న, సంబంధం ఉంది, కాకపోతే ఆ సంబంధం తెలుపులనే ఉంది, వారానికి కణానికి నడుమ ఇంకేం లేదు. శుక్ల అన్న మాట కూడా దీని తోబుట్టువే, ర ల అయిందంతే, శుక్లపక్షం అంటే వెన్నెల పెరిగే పక్షం. గోడల మీద పాత వైద్యం ప్రకటనలల్ల "శుక్లనష్టం" అని రాస్తరు చూడండి, అక్కడ శుక్లం అంటే వీర్యమే. కానీ "శుక్లాల ఆపరేషన్" అంటే మాత్రం కంటి ఆపరేషన్, కంట్ల తెల్లగ పొర కమ్మితే తీసేది. ఒక్క మాటకు ఇంత దూరం దూరం అర్థాలున్నయి కాబట్టి ఆరోగ్యం సంగతులల్ల శుక్లం అనే మాట కంటికే వదిలేసుడు మంచిదని నా అభిప్రాయం.

శుక్రం పాత మాట, కణం మాత్రం కొత్తగ వచ్చి చేరింది. ఆయుర్వేదంల శరీరానికి ఏడు ధాతువులు చెప్తరు: రసం, రక్తం, మాంసం, మేదస్సు, అస్థి, మజ్జ, చివరికి శుక్రం. మీ ఊరి ముసలోళ్ళు ధాతు అనేది ఈ ఏడో దాన్నే. బిడ్డ పుట్టుక గురించి పాత శాస్త్రాలు "శుక్ర శోణితాలు" అని జంటగ చెప్పినయి, తండ్రి శుక్రం తల్లి నెత్తురు కలిసి పిండమైతదని. అప్పటికి కణం అనేది ఎవ్వరికీ కనపడలేదు. 1677ల డెల్ఫ్ట్ అనే ఊర్లె ఉండే బట్టల వ్యాపారి లేవెన్‌హుక్ తాను చేసుకున్న కటకంతోని చూసినప్పుడు మొదటిసారి ఆ తోకలున్న కణాలు కనపడ్డయి, వాటిని ఆయన చిన్న చిన్న ప్రాణులనుకున్నడు. తల్లి దిక్కు అండం కనపడటానికి ఇంకా 150 ఏండ్లు పట్టింది, 1827ల ఫన్ బేర్ అనే శాస్త్రవేత్త దాన్ని చూసిండు. ఇద్దరి దిక్కు కణం దొరికినంక శోణితం అనే మాట ఆ జంటలకెళ్ళి పోయింది, శుక్రం అనే మాట మిగిలి దానికి కణం తోడైంది. అట్ల శుక్రకణం, అండం అనేది కొత్త జంట. మన పాఠ్యపుస్తకాలు ఈ జంటనే తీసుకున్నయి, అది సరైన ఎంపికనే.

మరి వీర్యకణం తప్పా అంటే తప్పు కాదు, జనం వాడుకల బలంగ ఉన్న మాట, దాన్ని కొట్టేయాల్సిన పని లేదు. కానీ నాకు దాని మీద ఒక పట్టింపు ఉంది, అది ఇక్కడ గట్టిగనే చెప్పాలె. వీర్యం అంటే మొదటి అర్థం వీరుని గుణం, పరాక్రమం, బలం. ఇప్పటికీ బాంబును "నిర్వీర్యం చేసిండ్రు" అని వార్తలు చదువుతరు, ఒక ఆఫీసు అధికారాలు గుంజుకుంటే దాన్ని నిర్వీర్యం చేసిండ్రంటరు. ఇంత బరువున్న మాటను ఒక కణం పేరుల పెట్టి, ఆ కణం లేదని కాగితం మీద రాసిస్తే, చదివినోళ్ళకు బలం లేదు, మగతనం లేదు అనే వినపడతది. మీ దగ్గరికొచ్చిన ఆయనకు జరిగింది ఇదే. శుక్రకణం అనే మాటల ఈ బరువు లేదు, తెలుపు తప్ప ఇంకేం లేదు.

ఇదే చిక్కు మీకు మగోళ్ళ కుటుంబ నియంత్రణ ఆపరేషన్ దగ్గర కూడా ఎదురైతుండొచ్చు. కోత కుట్టు లేని వేసెక్టమీ అని ఎంత చెప్పినా "వీర్యం ఆగిపోతదంట, పొలం పని చేయలేమంట" అని భయపడి ఇంట్ల ఆడోళ్ళనే ఆపరేషన్‌కు పంపుతరు. అక్కడ కట్ చేసేది శుక్రవాహికలు, అంటే కణాలు వచ్చే సన్నటి గొట్టాలు. వీర్యం ఆగదు, హార్మోన్లు ఆగవు, ఎప్పటిలెక్కనే ఉంటరు, ఆగేది శుక్రకణాలే. అది కూడా తెల్లారే ఆగదు, ముందే గొట్టాలల్ల ఉన్నయి పోవడానికి మూడు నెలల దాకా పడతది, అందుకే ఆ తర్వాత వీర్యపరీక్ష చేయించుకోమంటరు. "వీర్యం వస్తది, దాంట్లె శుక్రకణాలు ఉండవు" అని రెండు మాటలు విడివిడిగ పలికితేనే ఇది చెప్పొస్తది, రెండింటికీ ఒకే మాట వాడితే చెప్పరాదు.

ధాతు సంగతి ఇంకొంచెం చెప్పాలె. వ్యాకరణంల ధాతువు అంటే క్రియకు మూలం, లోహాలను, గనుల్ల దొరికే వాటిని కూడా ధాతువులన్నరు, కాబట్టి మాట చెడ్డది కాదు. కానీ ఊర్లల్ల "ధాతు పోతుంది" అనే మాటతోని పడుచు పిల్లలు పడే భయం అంతా ఇంతా కాదు, నెత్తురంతా పిండితే ఒక చుక్క ధాతు అయితదని ఎవరో చెప్తే నమ్మి, నీరసమొచ్చినా నడుము నొచ్చినా దానికే ముడిపెట్టుకుంటరు. ఈ బెంగకు 1960ల డాక్టర్ నరేంద్రనాథ్ విగ్ "ధాత్ సిండ్రోమ్" అని పేరే పెట్టిండు, అంటే మాట నుంచే జబ్బు పేరు వచ్చింది. పైన చెప్పినట్టు ఆ ద్రవం గ్రంథులల్ల ఊరేది, పోయింది మళ్ళ ఊరతది. అట్లాంటి పిల్లలతోని మాట్లాడేటప్పుడు వాళ్ళ మాటనే అందుకొని ధాతు అని మొదలుపెట్టినా, మెల్లగ వీర్యం అనే మాటకు తీసుకరండి.

బీజకణం అన్నది ఇంకా పెద్ద గంప. బీజం అంటే విత్తనం, ఆడ మగ రెండు దిక్కులా బీజాలే, అందుకే పుస్తకాలల్ల స్త్రీ బీజకణం, పురుష బీజకణం అని ముందు మాట తగిలించి రాస్తరు, సంయోగబీజం అన్నా దాదాపు అదే. ఉత్త బీజకణం అని రాస్తే ఎవరిదో తెల్వదు. పైగా మనదిక్కు వాడుకల బీజం, విత్తు అన్నయి వృషణానికి కూడా చెల్లుతయి, కోడెకు విత్తులు కొట్టించిండ్రు అంటరు, బుడ్డ దిగితే వరిబీజం అంటరు. కాబట్టి రిపోర్టుల ఈ మాట వద్దు.

అయితే చెట్ల సంగతి వచ్చినప్పుడు మాత్రం ఆ పెద్ద మాటనే కావాలె. గద్వాల నడిగడ్డల సీడ్ పత్తి చేసేటోళ్ళను చూడండి, పొద్దుమీకి ఆడ వరుస మొగ్గలల్ల కేసరాలు తీసేసి, తెల్లారి మగ వరుస పువ్వు తెచ్చి రాస్తరు, క్రాసింగ్ అంటరు. ఆ పుప్పొడినే మగ కణం అనుకుంటరు చాలామంది, కాదు. పుప్పొడి రేణువు మొలకెత్తి గొట్టం దిగినంక దాంట్లె రెండు పురుష సంయోగబీజాలు పోతయి, ఒకటి అండంతోని కలుస్తది, రెండోది గింజకు తిండి అయ్యే భాగాన్ని తయారుచేస్తది. వాటికి తోక లేదు, ఈదవు. కాబట్టి పత్తికి "శుక్రకణం" అని రాస్తే తేటపడదు, పురుష సంయోగబీజం అనాలె. బర్రెలకు ఆవులకు మాత్రం శుక్రకణమే. పశువులకు చూలు కట్టే సూది వేసే గోపాలమిత్ర వాడే సన్నటి స్ట్రాల పట్టేది పావు మిల్లీలీటరు, దాంట్లె కణాలు సుమారు 2 కోట్లు, మైనస్ 196 డిగ్రీల నైట్రోజన్‌ల దాచిపెడతరు. రైతులు "సిమెన్" అంటరు, అది వీర్యానికి సరిగ్గా సరిపోతది. ఇప్పుడు పెయ్యదూడలే పుట్టే సిమెన్ అని వస్తుంది గదా, అక్కడ వేరుచేసేది శుక్రకణాలనే, ఎక్స్ క్రోమోజోమ్ ఉన్న కణాలు ఉంచి వై క్రోమోజోమ్ ఉన్నయి తీసేస్తరు, ఎక్స్ ఉన్నది కలిస్తే ఆడ, వై ఉన్నది కలిస్తే మగ. మనుషులల్ల కూడా ఆడపిల్లా మగపిల్లాడా అన్నది తేల్చేది శుక్రకణమే, తల్లి అండంల ఎప్పుడూ ఎక్సే ఉంటది. బర్రె దగ్గర ఇంత బాగ తెలిసిన రైతు ఇంట్ల కూడా "ఆడపిల్లల్నే కంటుంది" అని కోడలిని అంటుంటే ఆ వాక్యంల కర్తనే తప్పు పడ్డది.

ఇంకొకటి కూడా మనసుల ఉంది. పిల్లలు కాని ఆడమనిషికి గొడ్రాలు అనే మాట ఎన్ని తరాల నుంచి ఉందో, మగోళ్ళకు అంత సూటిగ తగిలే మాట వాడుకల లేనే లేదు. పిల్లలు కాని జంటలల్ల దాదాపు సగం మందికి మగోళ్ళ దిక్కు కూడా కారణం ఉంటదని డాక్టర్లు చెప్తనే ఉన్నరు. అట్లని మగోళ్ళకు కొత్త తిట్టు పుట్టించమని నేను చెప్పను. గొడ్రాలు అనే మాట మీ రిజిస్టర్లల్ల, మీ మాటలల్ల రాకుండ చూడండి, "సంతానం కాలేదు" చాలు, అది ఇద్దరికీ వర్తిస్తది.

శుక్రాణువు అన్నది హిందీ దారిల వచ్చింది, అక్కడ శుక్రాణు అనేదే మామూలు మాట. తెలుగుల అణువు అనంగనే పిల్లలకు కెమిస్ట్రీ యాదికొస్తది, నీటి అణువు, ఆక్సిజన్ అణువు అని చదువుతరు గదా. జీవశాస్త్రంల మనకు కణం స్థిరపడింది, రక్తకణం, నాడీకణం, శుక్రకణం అన్నీ ఒక్క వరుసల పోతయి. అందుకే శుక్రాణువు కన్నా శుక్రకణమే మనకు నప్పుతది.

ఇగ మీ పనికి కావాల్సింది. పరీక్షను "వీర్యపరీక్ష" అనండి, ఎందుకంటే తీసుకునేది ద్రవం. ఫలితం రాసేటప్పుడు "వీర్యం పరిమాణం", "శుక్రకణాల సంఖ్య", "శుక్రకణాల కదలిక", "శుక్రకణాల ఆకారం" అని రాయండి. నోటితోని చెప్పేటప్పుడు స్పెర్మ్ అన్నా ఏం కాదు, స్పెర్మ్ కౌంట్ అని ఇప్పుడు ఊర్లె పిల్లలు కూడా అంటున్నరు, దాన్ని ద్రవానికి వాడకుండ చూసుకుంటే చాలు. ఆ వచ్చినాయన కాగితం మీద మాత్రం, ఆయన ఒప్పుకుంటే, ఇంట్లోళ్ళ ముందర ఈ వాక్యం రాసి చదివి వినిపించండి: "వీర్యం ఉంది. ఈ పరీక్షల శుక్రకణాలు కనపడలేదు. ఎందుకో తెలుసుకోవడానికి ఇంకొకసారి పరీక్ష చేయించి డాక్టర్‌ను కలవాలె."