కేసు వెనక్కి తీసుకుంటే లైసెన్సు తిరిగి ఇస్తామంటున్నారు, నమ్మవచ్చా?

ప్రశ్న: నాకు మందుల దుకాణం ఉంది. తనిఖీకి వచ్చిన రోజు రిజిస్టర్డ్ ఫార్మసిస్టు లేకపోవడం, కొన్ని బిల్లులు దొరకకపోవడం వల్ల లైసెన్సు రద్దు చేశారు. ప్రభుత్వానికి అప్పీలు చేసుకున్నా నెలల తరబడి ఉలుకూ పలుకూ లేదు. హైకోర్టులో రిట్ (అధికారుల చర్యను ప్రశ్నించే పిటిషన్) వేశాను. ఇప్పుడు కార్యాలయం వారు "కేసు వెనక్కి తీసుకోండి, రద్దును కొద్ది రోజుల సస్పెన్షన్‌గా మారుస్తాం" అంటున్నారు. ఏం చేయాలి?

జవాబు: రాజీకి రావడంలో తప్పు లేదు, మీ వంటి కేసులో అదే మేలు కూడా. కానీ వారు చెప్పిన వరుసలో మాత్రం వెళ్లకండి. హామీ ముందు కోర్టు రికార్డులోకి ఎక్కాలి, ఆ తరువాతే కేసు ముగియాలి. మళ్లీ వేసుకునేందుకు కోర్టు అనుమతి తీసుకోకుండా రిట్‌ను ఉపసంహరించుకుంటే అదే విషయంపై మళ్లీ హైకోర్టులో రిట్ వేయడానికి వీలుండదని సుప్రీంకోర్టు 1986లో సర్గూజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో చెప్పింది. అది రవాణా పర్మిట్‌పై వచ్చిన వివాదం. రేపు ఆ అధికారి బదిలీ అయితే మీ చేతిలో కేసూ ఉండదు, కాగితమూ ఉండదు.

ఇంకొక ముఖ్యమైన సంగతి, మాట ఇస్తున్నవారికి ఆ అధికారం ఉందా అన్నది. 1945 నాటి డ్రగ్స్ రూల్స్‌లోని 66వ నిబంధన ప్రకారం లైసెన్సును రద్దు చేయడానికైనా, కొంతకాలం సస్పెండ్ చేయడానికైనా లైసెన్సింగ్ అధికారికి అధికారం ఉంది. అయితే ఆయన ఉత్తర్వుపై మూడు నెలల్లోగా చేసుకునే అప్పీలును తేల్చవలసింది రాష్ట్ర ప్రభుత్వం. మీ అప్పీలు అక్కడే పెండింగులో ఉంది కాబట్టి శిక్ష తగ్గింపు కూడా అక్కడి నుంచే రావాలి. చట్టం ఇవ్వని అధికారాన్ని రాజీపత్రం సృష్టించలేదు, అటువంటి రాజీని కోర్టు ఆమోదించదు.

కనుక మీ న్యాయవాది ద్వారా ప్రభుత్వ ప్లీడర్‌ను (ప్రభుత్వం తరఫు న్యాయవాదిని) కలిసి, శాఖ వైఖరిని లిఖితపూర్వకంగా తెప్పించి కోర్టు ముందు పెట్టమనండి. మీ వైపు నుంచి పూర్తికాలపు ఫార్మసిస్టును నియమించినట్లు, బిల్లు పుస్తకాలు సరిచేసినట్లు అఫిడవిట్ వేయండి. అందులో ప్రతి వాక్యం జాగ్రత్తగా చదివి సంతకం చేయండి, ఎందుకంటే "తప్పు ఒప్పుకుంటున్నాను" అని రాస్తే, వారు క్రిమినల్ కేసు పెట్టిన పక్షంలో అదే మీకు ఎదురు తిరుగుతుంది. లైసెన్సు విషయంలో కుదిరిన రాజీ ఆ కేసును ఆపదు.

కోర్టు ఇచ్చే ఉత్తర్వులోని క్రియాపదాన్ని కూడా గమనించండి. "పరిశీలించండి" అని మాత్రమే ఉంటే, పరిశీలించి తిరస్కరించినా కోర్టు ఆదేశాన్ని పాటించినట్లే అవుతుంది. ఇటువంటి ఆదేశాలతో వచ్చే చిక్కులను సుప్రీంకోర్టు 2006లో ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ కేసులో వివరంగా చర్చించింది. అందువల్ల శాఖ తెలిపిన వైఖరిని ఉత్తర్వులో నమోదు చేయమని, దానిని, మీ అఫిడవిట్‌ను దృష్టిలో పెట్టుకుని, మీ వాదన విని, ఫలానా వారాల్లోగా కారణాలతో అప్పీలును పరిష్కరించాలని ఆదేశించమని, ఫలితం ప్రతికూలమైతే మళ్లీ రావడానికి అనుమతి ఇవ్వమని కోరండి.

ఈలోగా కోర్టు స్టే ఇవ్వకపోతే దుకాణం తెరవకండి. ఎంతటి పాత కస్టమర్ అడిగినా ఒక్క స్ట్రిప్ కూడా అమ్మవద్దు. లైసెన్సు లేకుండా మందులు అమ్మడం డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టం 27వ సెక్షన్ కింద సాధారణంగా 3 ఏళ్లకు తగ్గని, 5 ఏళ్ల వరకు జైలు పడే నేరం. మీ రాజీ ప్రయత్నం అంతా ఆ ఒక్క అమ్మకంతో దెబ్బతింటుంది.

ఉత్తర్వు వెలువడగానే సర్టిఫైడ్ కాపీ తీసుకుని, ఒక చిన్న వినతిపత్రంతో సంబంధిత కార్యాలయంలో ఇచ్చి, తేదీ ముద్రతో రసీదు పొందండి. గడువు దాటినా పాటించకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ వేయవచ్చు. దానికి ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాది మాత్రమే కాలపరిమితి ఉంది కాబట్టి, "వచ్చే వారం చూద్దాం" అనే మాటల్లో ఆ ఏడాది కరిగిపోనివ్వకండి.