ఇండోనేషియాలో ఓటీటీలు, ఆన్‌లైన్ వీడియోలు అంతలా ఎలా పెరిగాయి? నెట్‌ఫ్లిక్స్ వల్లేనా?

నెట్‌ఫ్లిక్స్ వల్ల అంటే నేను ఒప్పుకోనండీ. 2018 నుంచి 2022 చివరిదాకా ఉద్యోగం మీద జకార్తాలో ఉన్నాను, నేను చూసినంతలో అక్కడ అసలు కథంతా రీచార్జి దగ్గరే ఉంది.

నెట్‌ఫ్లిక్స్ అక్కడికి 2016 జనవరిలో వచ్చింది, ఆ నెలలోనే ప్రభుత్వ టెలికాం సంస్థ టెల్కోమ్ దాన్ని తన నెట్‌వర్క్‌లో ఆపేసింది, మళ్లీ తెరిచింది 2020 జులైలో. అంతవరకూ జనం ఊరుకున్నారా? యూట్యూబ్ ఉంది, దొంగ సైట్లు ఉన్నాయి.

నేనుండేది కోస్‌లో, మన పీజీ హాస్టల్ లాంటిదే. అక్కడ వంట చేసే ఆవిడను అందరం ఇబూ అనేవాళ్లం, అంటే అమ్మా అన్నట్టు. డేటాను వాళ్లు కువోటా అంటారు. వీడియోలకు ఒక కువోటా, అర్ధరాత్రి దాటాక వాడుకోవడానికి చవకగా ఇంకో కువోటా, ఈ లెక్కలన్నీ ఆవిడకు నోటికొచ్చు, నాకు మాత్రం ఏడాది పట్టింది. క్రెడిట్ కార్డు లేని ఆవిడ ఓటీటీకి డబ్బు ఎలా కడుతుందంటే, పుల్సాలోంచి, అంటే ఫోన్ బ్యాలెన్స్‌లోంచి కోసేసుకుంటారు, లేదంటే గోపే అనే ఫోన్ వాలెట్‌లోంచి. 2020 సెప్టెంబరులో డిస్నీ ప్లస్ హాట్‌స్టార్ అక్కడ మొదలైనప్పుడు కూడా టెల్కోమ్ వాళ్ల మొబైల్ కంపెనీ టెల్కోమ్‌సెల్ ప్యాకులతో కలిసే వచ్చింది.

ఇక రెండో కారణం సినెట్రాన్, అంటే వాళ్ల టీవీ సీరియల్. ఆ ఏడుపులూ ఆ అత్తాకోడళ్లూ మనకేం కొత్త కాదు. టీవీలో వందల ఎపిసోడ్లు సాగే ఆ కథలనే కాస్త కురచ చేసి, కాస్త ధైర్యం చేసి ఫోన్లోకి తెచ్చారు. 2021 చివర్లో వీటీవీ (WeTV) అనే ఓటీటీ యాప్‌లో లయాంగన్ పుతుస్ అనే సిరీస్ వచ్చింది, తెగిన గాలిపటం అని అర్థం. భార్య ఎప్పటినుంచో కలగన్న టర్కీలోని కపడోకియాకి భర్త ఇంకో ఆవిడను తీసుకెళ్తాడు. అంతే, మా ఆఫీసులో నెలరోజులు అదే గొడవ, ఎవరు సెలవు పెట్టినా కపడోకియాకా అని అడగడమే!

విడియో అనే యాప్ స్థానికులదే, ఎస్‌సీటీవీ, ఇండోసియార్ ఛానెళ్లున్న ఎమ్‌టెక్ గ్రూపుది. దానికి సీరియల్స్ కంటే ఫుట్‌బాల్ బలం ఎక్కువని నా అభిప్రాయం. 2022 వరల్డ్ కప్ అందులో వచ్చింది, మా సందు చివర కాఫీ కొట్టువాడు ఫోన్‌ను టీవీకి తగిలించి నోబార్ పెట్టేవాడు, అంటే అందరూ కలిసి చూడటం. కాఫీ కొనకపోతే మాత్రం కుర్చీ ఇచ్చేవాడు కాదు.

మన సీరియళ్లకీ అక్కడ పేరుంది లెండి. 2014లో ఏఎన్‌టీవీ అనే ఛానెల్లో హిందీ మహాభారత్ డబ్బింగ్ వచ్చి ఊపేసింది. నేను ఇండియా అనగానే ఇబూ మొదట అడిగింది అర్జునుడి వేషం వేసిన షహీర్ షేక్ గురించే.

ఏదైనా చూసి మొదలుపెడదామనుకుంటే గాడిస్ క్రెటెక్ చూడండి, లవంగాల సిగరెట్లు చేసే కుటుంబాల కథ, ఐదు ఎపిసోడ్లే. 2023లో వచ్చింది. అదేమో నెట్‌ఫ్లిక్స్‌లోనే ఉంది, ఏం చేస్తాం.