బ్రాకెట్లో పెట్టిన అమ్మ

చిరంజీవికి ఆశీస్సులు.

మలయాళ సినిమా మీద నీ వ్యాసం రెండుసార్లు చదివాను. భాష శుభ్రంగా ఉంది. కానీ "సమాజానికి అద్దం" అన్న మాట దగ్గర ఒళ్లు మండింది. సాహిత్య పేజీల వాళ్లు ఏళ్ల తరబడి అరగదీసి మీ తరం చేతిలో పెట్టిన మాట అది. తొలి మలయాళ సినిమా 'విగతకుమారన్'లో పి.కె. రోజీ అనే దళిత యువతి అగ్రకులపు నాయర్ స్త్రీ వేషం కట్టింది. తిరువనంతపురంలో తెర మీద రాళ్లు పడ్డాయి. ఆమె ఊరొదిలి పారిపోయింది. అద్దం అన్న మాటలో ఆ రాళ్లకు చోటెక్కడుందమ్మా? ఎవరు ఎవరి వేషం కట్టొచ్చు, ఎవరి వంటిల్లు తెరకెక్కొచ్చు అన్నది అక్కడ మొదటి నుంచీ తగువే. 'ది గ్రేట్ ఇండియన్ కిచెన్' కూడా పెద్ద ఓటీటీలు కాదంటే 2021 జనవరిలో నీస్ట్రీమ్ అనే చిన్నదాంట్లో వచ్చింది.

ఆ సినిమా మీద మూడు పేజీలు రాశావు. "పితృస్వామ్యం" తొమ్మిదిసార్లుంది. సింకు కింద కారే గొట్టం ఒక్కసారీ లేదు. ప్లంబర్ని పిలవమని ఆ ఇంటి కొత్త కోడలు చెబుతూనే ఉంటుంది, మొగుడు మర్చిపోతూనే ఉంటాడు. మొగుడూ మామగారూ నమిలి బల్ల మీద పడేసిన ములక్కాడ పిప్పిని ఆమె చేత్తో ఎత్తుతుంది. మామగారికి కుక్కర్లో అన్నం పనికిరాదు, కట్టెల పొయ్యి మీదే ఉడకాలి. ఇవి రాస్తే ఆ పెద్ద మాట నువ్వు ఒక్కసారి కూడా అనక్కర్లేదు. కథను నిలబెట్టేది ఇలాంటి చిన్న వివరాలే. మలయాళ 'మహేషింటె ప్రతికారం' కేరళ ఇడుక్కి నుంచి మన అరకుకు వచ్చి 2020లో తెలుగు 'ఉమామహేశ్వర ఉగ్రరూపస్య' అయినా, కొండలు మారాయి గానీ దెబ్బకు దెబ్బ తీసేదాకా చెప్పులు తొడగనన్న ఒట్టు మారలేదు.

నా పాతికేళ్లప్పుడు, మా అమ్మ బావి దగ్గర బూడిద, కొబ్బరి పీచుతో మసిగిన్నెలు తోమడం ఒక కథలో రాశాను. "వంటింటి గొడవ పాఠకుడికెందుకు" అని సంపాదకుడు ఆ పేరా కొట్టేశాడు. అచ్చులో పేరు చూసుకోవాలన్న ఆశతో సరేనన్నాను. అమ్మ లేని ఆ కథే ఇప్పటికీ నా సంపుటిలో ఉంది. ఆ పేరా రాసిన కాగితం కూడా మిగల్లేదు.

అందుకే నీ ఏడో పేజీలో, మీ అమ్మతో కలిసి సినిమా చూసిన చోట ఆగిపోయాను. "(అమ్మ మధ్యలో పాలు పొంగుతాయంటూ లేచి వెళ్లింది, మళ్లీ రాలేదు)" అని బ్రాకెట్లో రాశావు. ఆ బ్రాకెట్ తీసెయ్. వ్యాసం అక్కణ్ణుంచి మొదలుపెట్టు. ఏ పత్రికకు పంపాలన్నది తర్వాత చూద్దాం. ఆ రోజు పొయ్యి మీద నిజంగా పాలు ఉన్నాయా? అమ్మ వెళ్లాక నువ్వు లేచావా, సినిమా అయ్యేదాకా కూర్చునే ఉన్నావా? అది రాసి పంపు.