రాజీ రాసుకున్నాం, మరి వారెంట్ ఎందుకొచ్చింది?

ప్రశ్న: మేడమ్, 2022లో నా భార్య నా మీద, అమ్మానాన్నల మీద, అక్క మీద 498ఏ (అత్తింటి వేధింపుల సెక్షన్), వరకట్నం కేసు పెట్టింది. పోయినేడాది పెద్దమనుషుల్లో కూర్చుని విడిపోదామని మాట్లాడుకున్నాం, ఒప్పుకున్న డబ్బులో సగం ఇచ్చేశా, కేసు వాపసు తీసుకుంటానని స్టాంప్ పేపర్ మీద రాసి సంతకం కూడా పెట్టింది. ఇక అయిపోయిందిలే అని వాయిదాలకి వెళ్ళడం మానేశాం. ఇప్పుడు స్టేషన్ నుంచి ఫోన్, నా మీద, నాన్న మీద ఎన్‌బీడబ్ల్యూ (నాన్ బెయిలబుల్ వారెంట్) ఉందంట. తను మమ్మల్ని మోసం చేసినట్టేనా?
- ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: మీరు రాసినదాన్ని బట్టి ఆ అమ్మాయి మోసం చేసిందని నేననుకోను. కంప్లైంట్ ఇచ్చింది తనే గానీ చార్జిషీట్ పడ్డాక కేసు నడిపేది ప్రభుత్వం, తను అందులో సాక్షి మాత్రమే, కాబట్టి తీసేయమని ఒక్క మాటతో తీసేయించలేదు. మీ స్టాంప్ పేపర్ బీరువాలోనే ఉండిపోయింది, కోర్టు రికార్డులో మాత్రం మీరు వాయిదాకి రాని ముద్దాయిలు.

ముందు వారెంట్ సంగతి చూడండి. పోలీసులు ఇంటికొచ్చేదాకా ఆగొద్దు, లాయర్‌తో వెళ్ళి మీరూ నాన్నగారూ కోర్టులో హాజరై, వారెంట్ వెనక్కి తీసుకోమని రీకాల్ పిటిషన్ వేయండి, ఎందుకు రాలేకపోయారో ఉన్నదున్నట్టు చెప్పండి.

ఇక రాజీ. 498ఏ కేసులో కోర్టు అనుమతితో రాజీ పడొచ్చని ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2003లోనే సవరణ తెచ్చారు, అయితే అప్లికేషన్ పెట్టాక కనీసం 3 నెలలు ఆగాలి, ఆలోపు ఎవరూ మనసు మార్చుకోకూడదు. నాకైతే ఆ గడువు ఉండటమే మంచిదనిపిస్తుంది, ఎందుకంటే పదిమంది మగవాళ్ళ మధ్య కూర్చోబెట్టి ఆడపిల్లతో సంతకం పెట్టించే పంచాయితీలు మన దగ్గర తక్కువేం కాదు. కానీ మీ చిక్కు వేరే ఉంది, వరకట్న నిషేధ చట్టం సెక్షన్లకి రాజీ కుదరదు, అందుకే లోక్ అదాలత్‌కి వెళ్ళినా కేసు మొత్తం పోదు.

మీకున్న దారి హైకోర్టులో క్వాష్ పిటిషన్, అంటే కేసు కొట్టేయమని అడగడం; పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ)లో సెక్షన్ 482, దాని స్థానంలో వచ్చిన కొత్త చట్టంలో 528. హత్య, రేప్, దోపిడీ లాంటి నేరాలు రాజీతో కొట్టేయకూడదు గానీ భార్యాభర్తల గొడవల్లాంటివి కొట్టేయొచ్చని సుప్రీంకోర్టు 2012లో గియాన్ సింగ్ కేసులో చెప్పింది. పిటిషన్‌లో ఏ1 నుంచి ఏ4 దాకా, అంటే ముద్దాయిలు నలుగురి పేర్లూ ఉన్నాయో లేదో మీరే చదివి చూసుకోండి, భర్త పేరు మీదొక్కటే వేస్తే మిగతా వాళ్ళ మీద కేసు అలాగే నడుస్తుంది. రాజీ పడ్డామని ఇచ్చే జాయింట్ మెమో మీద మీరూ మీ భార్యా ఇద్దరూ సంతకాలు చేయాలి, ఇష్టపూర్వకంగానే ఒప్పుకున్నావా, డబ్బు ముట్టిందా అని కోర్టు మీ భార్యని అడుగుతుంది. మిగతా సగం డీడీ తీసి ఆరోజే కోర్టులో చేతికివ్వండి, ముందు సంతకం పెట్టు తర్వాత చూద్దాం అని మాత్రం అనొద్దు, అది తనకి అన్యాయం.

కేసు కొట్టేసినంత మాత్రాన విడాకులు అయిపోవు, దానికి ఫ్యామిలీ కోర్టులో హిందూ వివాహ చట్టం 13బి సెక్షన్ కింద ఇద్దరూ కలిసి విడిగా పిటిషన్ వేసుకోవాలి. హైకోర్టు ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ కింది కోర్టులో ఇచ్చి, అక్కడ కేసు క్లోజ్ అయిందని రాసేదాకా ఒక్క వాయిదా కూడా మానకండి.