చిరుత ఆర్కిడ్‌కి నీళ్లు మానేసే నెలలు

ప్రశ్న: మూడేళ్ల కిందట ఆన్‌లైన్‌లో ఆఫ్రికా చిరుత ఆర్కిడ్ కొన్నాను. బాల్కనీలో ఎండ తగలని మూల పెట్టి రోజూ నీళ్లు పోస్తున్నాను. ఆకులు ముదురాకుపచ్చగా నిగనిగలాడుతున్నాయి గానీ ఇంతవరకు ఒక్క పువ్వూ లేదు. ఇప్పుడేమో కుండీలోంచి తెల్లటి ముళ్లలాంటివి పైకి లేస్తున్నాయి. తెగులేమోనని టెన్షన్‌గా ఉంది. కత్తిరించేయనా?
- ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: వద్దండీ, ముందు ఆ కత్తెర లోపల పెట్టేయండి. అవి వేళ్లే. ఈ మొక్కకి రెండు రకాల వేళ్లుంటాయి. ఒక రకం కిందికి పోయి కుండీనో కొమ్మనో పట్టుకుంటుంది, రెండోది ఆకాశం వైపు సూదుల్లా నిలబడుతుంది. కొనమీద వేలు పెట్టి చూడండి, నిజంగానే గుచ్చుకుంటుంది. అడవిలో చెట్టు మీద పెరిగేటప్పుడు పైనుంచి రాలే ఆకులూ పుల్లలూ ఈ సూదుల మధ్య ఇరుక్కుని, అక్కడే మెల్లగా కుళ్లి, మొక్కకి ఎరువవుతాయి. అంటే తన ఎరువు తనే పోగు చేసుకునే మొక్క అన్నమాట. వాటిని కత్తిరిస్తే దాని నోటి దగ్గర కూడు లాగేసినట్టే.

ఇక పూల సంగతి. మీరు మురిసిపోతున్న ఆ నిగనిగే అసలు సమస్య. ఆన్సెల్లియా ఆఫ్రికానా (మీ చిరుత ఆర్కిడ్ శాస్త్రీయనామం ఇదే) ఆకు లేత పసుపు కలిసిన ఆకుపచ్చలో ఉండాలి, ముదురాకుపచ్చ అంటే వెలుతురు చాలట్లేదని. కెన్యా, టాంజానియా, జాంబియా, బోట్స్వానా నుంచి దక్షిణాఫ్రికా దాకా వేడి లోయల్లో మోపానే, మరూలా, బావోబాబ్ లాంటి చెట్ల మీద ఇది పెరుగుతుంది. వానల్లేని నెలల్లో ఆ చెట్లు ఆకు రాల్చేస్తాయి కాబట్టి ఎండంతా నేరుగా దీని మీదే పడుతుంది, నీళ్లు చూద్దామన్నా ఉండవు. ఆ ఎండకి ఎండి, గట్టిపడ్డ కాడల్లోంచే పూలగెల వస్తుంది. మీ బాల్కనీలో దానికి ఏడాది పొడుగునా వానాకాలమే, ఇంకెందుకు పూస్తుంది?

ఉదయం ఎండ బాగా తగిలే చోటికి మార్చండి. ఒక్కసారిగా కాదు, రెండు మూడు వారాల్లో కొద్దికొద్దిగా జరపండి, లేకపోతే ఆకులు మాడతాయి. మేడ మీదైతే యాభై శాతం షేడ్‌నెట్ చాలు. జూన్ నుంచి అక్టోబరు దాకా, కొత్త పిలకలు పెరిగేటప్పుడు, నీళ్లు ధారాళంగా పోయండి, వారానికోసారి 19:19:19 (నత్రజని, భాస్వరం, పొటాష్ సమపాళ్లలో ఉండే) ఎరువు లీటరుకి అర గ్రాము కలిపి ఇవ్వండి. నవంబరు రాగానే ఎరువు ఆపేసి నీళ్లు బాగా తగ్గించండి. కాడలు మరీ ముడతలు పడితే పదిహేను రోజులకోసారి తడపండి, అంతే. ఆకులు కొన్ని పండి రాలితే కంగారు పడొద్దు, పాత కాడలు పచ్చగా ఉన్నంతవరకు కోయొద్దు, మొక్క తిండంతా వాటిలోనే దాస్తుంది. మట్టి మాత్రం అస్సలు వద్దు. చిల్లులున్న మట్టికుండీలో బొగ్గులు, ఇటుక ముక్కలు, కాసిని కొబ్బరి డొక్క ముక్కలు చాలు. లేత పిలక గొట్టంలో రాత్రంతా నీళ్లు నిలిస్తే మొదలు దగ్గర నల్లబడి కుళ్లిపోతుంది, అందుకే పొద్దున్నే పోయాలి.

ప్రశ్న: ఉద్యోగరీత్యా డర్బన్‌లో ఉంటున్నాను. ఇక్కడి మూలికల బజారులో ఇదే ఆర్కిడ్ పెద్ద పెద్ద దుబ్బులు అమ్ముతున్నారు. సెలవులకి ఇంటికొచ్చేటప్పుడు ఒకటి సూట్‌కేసులో తెచ్చుకోవచ్చా?

జవాబు: తేవద్దండీ, అసలు కొననే వద్దు. ఆ దుబ్బులు ఎవరూ పెంచినవి కావు, అడవిలో చెట్ల మీంచి పెరికినవి, చాలాసార్లు కొమ్మతో సహా నరికి తెస్తారు. పీడకలలు రాకుండా, వలచిన మనిషి దక్కాలని అక్కడ దీన్ని మందుల్లో వాడతారు కాబట్టి గిరాకీ ఎక్కువ. ఆ నమ్మకం వాళ్లిష్టం, నేనేమీ అనను, కానీ మొక్కేమో నెమ్మదిగా పెరిగే రకం. అంతరించే ముప్పున్న జీవుల జాబితా తయారుచేసే అంతర్జాతీయ సంస్థ ఐయూసీఎన్ దీన్ని ముప్పున్న జాతుల్లో చేర్చింది. పైగా ఆర్కిడ్లన్నీ సైటిస్ ఒప్పందం (అడవి మొక్కలు, జంతువుల అంతర్జాతీయ వ్యాపారాన్ని అదుపు చేసేది) కిందికి వస్తాయి. అక్కడి ఎగుమతి పర్మిట్, ఇక్కడి దిగుమతి అనుమతి, మొక్కకి తెగుళ్లు లేవన్న సర్టిఫికెట్ లేకుండా తెస్తే ఎయిర్‌పోర్టులోనే పోతుంది, కేసు కూడా కావచ్చు. మన వన్యప్రాణి చట్టంలోనూ 2022 సవరణతో సైటిస్ జాబితాలోని మొక్కలు చేరాయి. అంత ముచ్చటగా ఉంటే విత్తనం నుంచి పెంచిన మొక్కని ఇక్కడి ఆర్కిడ్ నర్సరీలో అడగండి. పువ్వు ఒక్కో మొక్కకి ఒక్కోలా ఉంటుంది, కొన్ని దాదాపు మచ్చల్లేని పసుపు, కొన్నింటిలో పసుపే కనపడనంత గోధుమరంగు మచ్చలు. ఫొటో చూసే కొనండి.

ప్రశ్న: కుండీ బదులు పెరట్లో జామచెట్టుకి కట్టొచ్చా?

జవాబు: జామ వద్దు, బెరడు పొరలు పొరలుగా ఊడిపోతుంది, దాంతోపాటే వేళ్లూ ఊడతాయి. మామిడో వేపో మేలు, అదీ చిక్కటి నీడలో కాకుండా వెలుతురు వచ్చే బయటి కొమ్మకి. తొలకరి పడగానే కొబ్బరి తాడుతో కదలకుండా బిగించండి. మొక్క కదిలితే వేళ్లు పట్టవు. వేళ్లు బెరడుని పట్టుకున్నాక తాడు తీసేయొచ్చు.