ప్లే నొక్కగానే ఆగిపోయే ఆట: గ్రాఫిక్స్ కార్డు కొనే ముందు యూజర్ ఫోల్డరు పేరు చూడండి

మీ అబ్బాయి కంప్యూటర్లో కొత్త ఆటలు బాగానే నడుస్తున్నాయని, ఒక పాత ఆట మాత్రం ‘ప్లే’ నొక్కగానే బటన్ క్షణంపాటు మారి, ఏ సందేశమూ చూపకుండా మళ్ళీ మొదటికి వస్తోందని రాశారు. రెండుసార్లు ఫార్మాట్ చేయించినా ఫలితం లేకపోవడంతో షాపువాళ్ళు గ్రాఫిక్స్ కార్డు మార్చమంటున్నారని కూడా చెప్పారు. చివర్లో, కంప్యూటర్ తెరవగానే అబ్బాయి పేరు తెలుగులో కనబడేలా పెట్టుకున్నామని ఒక మాట అన్నారు. కార్డుకు డబ్బు కట్టే ముందు దయచేసి ఆ చివరి మాట దగ్గర ఆగండి. ఇదే పరిస్థితిని నేను గుంటూరు బ్రాడీపేటలో, మా అక్కయ్య ఇంట్లో చూశాను.

మా బావగారు తెలుగు ఉపాధ్యాయులు. మేనల్లుడికి కంప్యూటర్ కొన్నప్పుడు, విండోస్ పేరు అడిగిన చోట వాడి పేరును ఆయనే స్వయంగా తెలుగులో టైపు చేశారు. వాడి ఫైళ్ళన్నీ ఉండే ఫోల్డరును, అంటే యూజర్ ఫోల్డరును, విండోస్ ఆ పేరుతోనే సృష్టిస్తుంది. పాత ఆట ఒకటి తెరుచుకోకపోయేసరికి షాపులో ఫార్మాట్ చేయించారు. ఇంటికి తెచ్చాక మళ్ళీ అదే పేరు, అదే లిపిలో పెట్టారు. దాంతో జబ్బూ తిరిగి వచ్చింది. మరోసారి ఫార్మాట్‌కు ఇవ్వబోతుండగా నేను విజయవాడ నుంచి వెళ్ళాను.

ముందుగా స్టార్ట్ మెనూలో ఈవెంట్ వ్యూయర్ (కంప్యూటర్లో జరిగినవాటి నమోదులు చూపే ప్రోగ్రాము) అని వెతికి, విండోస్ లాగ్స్ కింద ఉన్న అప్లికేషన్ విభాగాన్ని తెరిచాను. ఆట మధ్యలో కూలిపోతే, ఆ నిమిషానికి ఎర్ర గుర్తుతో ఒక నమోదు సాధారణంగా అక్కడ ఉంటుంది. మాకు అలాంటిదేమీ కనబడలేదు. అంటే ఆట కూలిపోవడం లేదు, ఏదో దొరక్క తనంతట తానే విరమించుకుంటోందని అనుమానం కలిగింది. డి డ్రైవులో ఆటను ఇన్‌స్టాల్ చేసిన ఫోల్డరులోనే ఆట తాను చేసిన పనులను రాసుకునే చిన్న లాగ్ ఫైలు ఒకటి ఉంటే నోట్‌ప్యాడ్‌లో తెరిచాం. చివరి వరుసలో, గేమ్ సేవ్‌ల (ఆట ఎంతవరకు ఆడామో దాచే ఫైళ్ళ) కోసం ఫోల్డరు సృష్టించలేకపోయినట్టు ఉంది. ఆ ఫోల్డరు చిరునామాలో ‘యూజర్స్’కూ ‘డాక్యుమెంట్స్’కూ మధ్య, మావాడి పేరు ఉండవలసిన చోట, వరుసగా ఐదు ప్రశ్నార్థకాలు ఉన్నాయి. “మావయ్యా, నా పేరు మూడక్షరాలే కదా, ఐదెందుకున్నాయి?” అని వాడు అడిగాడు. వాడి పేరులో ఒక గుడి, ఒక పొల్లు ఉన్నాయి. కంప్యూటర్ వాటిని విడి సంకేతాలుగా లెక్కిస్తుంది. ‘తెలుగు’ అనే మాటకైతే ఆరు పడేవి.

దీనికి కారణం తెలుసుకుంటే మీకు మళ్ళీ ఎప్పుడైనా పనికి వస్తుంది. విండోస్ తనకు తాను ఫైళ్ళ పేర్లను యూనికోడ్‌లో, అంటే అన్ని భాషల అక్షరాలకూ సంకేతాలిచ్చే పద్ధతిలో, దాచుకుంటుంది కాబట్టి తెలుగు ఫోల్డరుతో దానికి ఏ ఇబ్బందీ లేదు. 1991లో వచ్చిన యూనికోడ్ మొదటి వెర్షన్‌లోనే తెలుగుకు చోటుంది. కానీ చాలా పాత ఆటలు యూనికోడ్‌ను కాక, ‘కోడ్ పేజీ’ అనే పాత పట్టికను అనుసరించి ఫోల్డరు పేరును అడుగుతాయి. రష్యన్‌కు 1251, థాయ్‌కు 874 అని విండోస్‌లో అలాంటి పట్టికలు ఉన్నాయి గానీ, ఈ ఆటలు ఇలా వాడుకోగల పట్టిక తెలుగుకు లేదు. పట్టికలో లేని ప్రతి సంకేతం స్థానంలో ప్రశ్నార్థకం చేరుతుంది, విండోస్ ఏమో ఫైళ్ళ పేర్లలో ప్రశ్నార్థకాన్ని అనుమతించదు. ఆట అడిగిన చోటు లేదు, కొత్తగా పుట్టదు కూడా. పిల్లవాడి పేరును తెలుగులో రాసుకోవడం మీ తప్పు కాదు. అక్షరాలను సరిగా అడగని ఆ ప్రోగ్రాములదే లోపం. ఈ మాట బావగారికి ప్రత్యేకంగా చెప్పవలసి వచ్చింది, ఎందుకంటే ఆయన నిజంగా నొచ్చుకున్నారు.

మీరు చేయవలసిన పరీక్ష పది నిమిషాల పని. సెట్టింగ్స్‌లో అకౌంట్స్ తెరిచి, ఇతర యూజర్లను చేర్చే చోట, మైక్రోసాఫ్ట్ ఖాతా లేకుండా లోకల్ ఖాతా (ఆ కంప్యూటర్‌కే పరిమితమైనది) ఒకటి ఇంగ్లీషు అక్షరాలతో, మధ్యలో ఖాళీ లేకుండా సృష్టించండి. అందులోకి లాగిన్ అయి ఆటను తెరవండి. తెరుచుకుంటే కారణం దొరికినట్టే. పాత ఖాతాలోని డాక్యుమెంట్లు, ఫోటోలు కొత్త దానిలోకి కాపీ చేసుకుని, అన్నీ సరిగా ఉన్నాయని నమ్మకం కలిగే దాకా పాత ఖాతాను తీసివేయకండి. యూజర్స్‌లో ఉన్న తెలుగు ఫోల్డరు పేరునే నేరుగా మార్చడానికి మాత్రం ప్రయత్నించవద్దు, ఖాతా దాని ఫోల్డరును కోల్పోయే ప్రమాదం ఉంది.

రీజియన్ సెట్టింగులలో పాత పట్టికకు బదులు యూటీఎఫ్-8 (యూనికోడ్‌ను రాసే ఒక పద్ధతి) వాడమనే బీటా, అంటే ఇంకా ప్రయోగ దశలోని, ఎంపిక ఒకటి ఉంది, దానితో కొన్ని పాత ఆటలు తెలుగు ఫోల్డరుతోనే పనిచేస్తాయి. అయితే ఆ మార్పు మొత్తం కంప్యూటర్‌కు వర్తిస్తుంది. మా విజయవాడ గవర్నరుపేట వైపు డీటీపీ (కంప్యూటర్లో పేజీలు కూర్చే) పని చేసేవారిలా మీ ఇంట్లో ఎవరైనా పేజ్‌మేకర్ వంటి పాత సాఫ్ట్‌వేరు వాడుతుంటే అక్కడ అక్షరాలు చెదిరిపోవచ్చు, అందుకే నేను ఆ దారి పట్టలేదు.

కొత్త ఖాతాలోనూ ఆట తెరుచుకోకపోతే అప్పుడు మిగతావి చూడాలి. చివర 7బి అని ఉన్న ఎర్రర్ కోడు కనబడితే 32 బిట్, 64 బిట్ ఫైళ్ళు కలగలిసి ఉండవచ్చు. ఆటలు నడవడానికి కావలసిన విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ఫైళ్ళ కట్టను ఆ రెండు రకాలుగానూ మైక్రోసాఫ్ట్ సైటు నుంచే వేసుకోండి. పేరు డీ3డీఎక్స్9తో మొదలయ్యే ఫైలు లేదని చెబితే, ఆటల బొమ్మలకూ శబ్దానికీ తోడ్పడే డైరెక్ట్‌ఎక్స్ రన్‌టైమ్‌ను, జూన్ 2010 నాటిదాన్ని, విడిగా వేయాలి. డైరెక్ట్‌ఎక్స్ 12 ఉన్నా ఆ ఫైళ్ళు దానితో రావు. విండోస్ సెక్యూరిటీలో కంట్రోల్డ్ ఫోల్డర్ యాక్సెస్ (తెలియని ప్రోగ్రాములు ముఖ్యమైన ఫోల్డర్లలో రాయకుండా ఆపే రక్షణ) ఆన్‌లో ఉంటే, డాక్యుమెంట్స్‌లో రాసే అనుమతి ఆ ఆటకు ఇవ్వండి.

అబ్బాయి పేరు తెలుగులో కనబడదేమోనన్న బెంగ మీకు అవసరం లేదు. ఖాతా సృష్టించినప్పుడు ఇచ్చిన పేరుతోనే ఫోల్డరు ఏర్పడుతుంది. ఆ తర్వాత కంట్రోల్ ప్యానెల్‌లోని యూజర్ అకౌంట్స్‌లో ఖాతా పేరు మార్చినా ఫోల్డరు మారదు. మేము ఇంగ్లీషు పేరుతో ఖాతా తెరిచి, ఒకసారి లాగిన్ అయ్యాక, పైకి కనబడే పేరును తెలుగులోకి మార్చాం. కీబోర్డు మీద ఆ మూడక్షరాలను ఈసారి కూడా బావగారే టైపు చేశారు.