సినిమా కంపెనీ పెట్టబోయే మేనకోడలికి, బరంపురం నుంచి మావయ్య

తల్లీ,

నువ్వూ, నీ ముగ్గురు స్నేహితులూ కంపెనీ పెట్టి సినిమా తీస్తారట, విడుదల కూడా మీరే చేసుకుంటారట. మీ అమ్మ చెప్పింది. తీయడం సంగతి నన్నడగకు. విడుదల గురించైతే చెప్పగలను. విశాఖ డిస్ట్రిబ్యూటర్ల రిప్రజెంటేటివ్‌గా ఈ ఒడిశా హాళ్ల చుట్టూ తిరిగినవాణ్ణి కదా.

నలుగురు అనగానే యునైటెడ్ ఆర్టిస్ట్స్ గుర్తొచ్చింది. చాప్లిన్, మేరీ పిక్‌ఫోర్డ్, ఫెయిర్‌బ్యాంక్స్, దర్శకుడు గ్రిఫిత్ కలిసి 1919లో అమెరికాలో పెట్టారు. ఒకరి దగ్గర జీతానికి చేయడమెందుకు, మన సినిమాలు మనమే అమ్ముకుందాం అన్నది వాళ్ల ఆలోచన. తీరా చూస్తే అమ్మడానికి సరుకు చాల్లేదు. చాప్లిన్‌కి వేరే కంపెనీతో పాత ఒప్పందం ఉంది. అది తీరి అతని మొదటి సినిమా సొంత కంపెనీకి అందేసరికి 1923 వచ్చింది. ఈలోగా ఆఫీసు ఖర్చులు ఆగుతాయా? మీ నలుగురిలో ఎవరికి బయట అగ్రిమెంట్లున్నాయో ముందు తేల్చుకోండి. ఆఫీసు తర్వాత చూసుకోవచ్చు.

1951లో ఆర్థర్ క్రిమ్, రాబర్ట్ బెంజమిన్ అనే ఇద్దరు లాయర్లు నష్టాల్లో ఉన్న ఆ కంపెనీని చేతిలోకి తీసుకున్నారు. మూడేళ్లలో ఏ ఒక్క ఏడాది లాభం చూపించినా సగం వాటా వాళ్లది. మొదటి ఏడాదే చూపించారు. కథ, దర్శకుడు, నటులు, బడ్జెట్ ఒప్పుకున్నాక డబ్బిచ్చేవారు, షూటింగులో వేలు పెట్టేవారు కాదు. నాకు బాగా నచ్చింది ఇదే. 1967లో ట్రాన్సమెరికా అనే ఇన్సూరెన్సు, ఫైనాన్సు సంస్థ కొనుక్కుంది, 1978లో క్రిమ్ బృందం కంపెనీ వదిలి వెళ్లిపోయింది, తర్వాత ‘హెవెన్స్ గేట్’ అనే సినిమా ఖర్చు అదుపు తప్పింది, 1981లో కంపెనీ ఎంజీఎం అనే మరో స్టూడియో చేతికి పోయింది.

క్రిమ్ వాళ్లు బయటికొచ్చి పెట్టిన ఓరియన్ కంపెనీ చూడు. 1991 చివర్లో దివాలా పిటిషన్ వేసింది. కొద్ది నెలలకే వాళ్ల ‘సైలెన్స్ ఆఫ్ ది లాంబ్స్’కి ఉత్తమ చిత్రం ఆస్కార్! హిట్టూ ఉంది, ఆస్కారూ ఉంది, కంపెనీ మాత్రం కోర్టులో ఉంది. ఒక్క హిట్టుతో పాత అప్పులన్నీ తీరిపోతాయని ఎవరైనా అంటే నమ్మకు.

ఇక మన వైపు సంగతి. ‘ఉత్తరాంధ్ర హక్కులు’ అని రాసి ఊరుకోకు. బరంపురం, పర్లాకిమిడి, రాయగడ, జయపురం అందులో ఉన్నాయా లేవా, ఊళ్ల పేర్లతో రాయించు. రాష్ట్రం వేరు గనక తర్వాత తగువు అక్కడే వస్తుంది. మినిమం గ్యారంటీ, అంటే సినిమా ఆడినా ఆడకపోయినా ఇంత అని ఖాయంగా ఇస్తామంటే సంబరపడకు. చేతికొచ్చే అడ్వాన్సు ఎంత, మిగతాది ఎప్పుడు అని అడుగు.

మా రోజుల్లో షో మొదలవకముందే బుకింగ్ కిటికీ వెనక కూర్చుని, ఒక్కో క్లాసు టికెట్ పుస్తకం మొదటి నంబరు రాసుకునేవాణ్ణి. ఇంటర్వెల్లో ఆఖరి నంబరు. మధ్యలో బాల్కనీ ఎక్కి తలలు లెక్కపెట్టేవాణ్ణి. రెండూ కలవకపోతే డీసీఆర్ (ఆ రోజు వసూళ్ల లెక్క కాగితం) మీద సంతకం పెట్టేవాణ్ణి కాను. ఒక హాల్లోనైతే అందుకే నాకు టీ ఇవ్వడం కూడా మానేశారు! ఇప్పుడు కంప్యూటర్ టికెట్లు వచ్చాయిలే. అయినా రోజువారీ లెక్క ఏ రోజుది ఆ రోజే తెప్పించుకో. వారం ఆగితే మనకు రావలసిన షేరు కరిగిపోతుంది.

మీ నలుగురిలో ఒకరు మధ్యలో తప్పుకుంటే ఆ వాటా ఎవరికి, ఏ రేటుకి? ఈ ముక్క లేకుండా సంతకాలు చేయకండి. డ్రాఫ్టు తయారవగానే నాకు పంపించు, ఈమెయిల్ వద్దు, కాగితమే పంపు. పెన్సిలుతో గీతలు పెట్టి తిప్పి పంపిస్తాను.

మావయ్య